ముమీన్ కోర్టులో అన్న మాట

బొర్యానా, 15 మే 1984

తమ్ముడు ముమీన్‌కి అక్క జెకియె సలాం.

కడుపులో పాలు పోశావురా. నిన్న పట్నం బస్సు దిగీ దిగగానే సాలిహ్ తిన్నగా మా ఇంటికే వచ్చాడు. చెప్పులు విప్పకుండానే గుమ్మంలోంచి చెప్పాడు: "వదినా, మీ తమ్ముడు బోనులో నిలబడి 'నె' అన్నాడు. జడ్జి మళ్ళీ అడిగాడు. మళ్ళీ 'నె' అన్నాడు. రెండుసార్లు కాదన్నాడు. వెనక బెంచీ దాకా వినిపించింది."

"అదేమిటి, గ్రీకు కోర్టులో మన మాటలో జవాబు చెప్పాడా?" అని అడిగాను.

"ఆయనకేం వదినా, జడ్జితో ఏ మాటలోనైనా మాట్లాడగలడు" అన్నాడు.

ఫిబ్రవరిలో స్తెర్యోస్ పొగాకు గిడ్డంగి తగలబడ్డప్పటి నుంచీ నాకు తిండి సహించలేదు. ముందురోజు గిడ్డంగి మేస్త్రీ నా తలగుడ్డ పట్టి లాగాడని రిద్వాన్ వాడితో గొడవపడిన మాట నిజమే. అందుకని నిప్పు పెడతాడా నా కొడుకు? ఆ సాయంత్రం ఎదురు కాఫీ కొట్టులో కూర్చుని ఉన్నది నువ్వొక్కడివే. వాడు ఉత్త చేతులతో బయటికి రావడం చూసింది నువ్వే. వాళ్ళ నాన్న పోయాక వాడికి మగదిక్కువి నువ్వే. ఆ దిక్కు నిలబడిందని ఊరంతా చెప్పుకుంటోంది.

తీర్పు వచ్చే వారం గురువారమట. నేను మాత్రం ఇవాళే హల్వా చేసి ఇంటింటికీ పంచాను.

ఒక్కటే అర్థం కావడం లేదు. కోర్టు నుంచి ఇంటికి రాకుండా తిన్నగా ఎలెఫ్సినా రైలెక్కావట. ఓడల పని అంత తొందరేమిటి? నీ భార్య హాలిదె బంగాళాదుంప రొట్టె కాల్చి, అది చల్లారిపోయేదాకా నీ కోసం కూర్చుంది.

కాఫీ కొట్టు ఫోనులో మాట్లాడితే ఊరంతా వింటుంది. అందుకే రాస్తున్నాను. మన మాటకు రాత లేకపోయె, బడిలో నేర్చిన తుర్కీలో రాయక తప్పదు. తప్పులుంటే సర్దుకో.

నీ మేలు మరువని అక్క,
జెకియె

---

ఎలెఫ్సినా, 22 మే 1984

అక్కా, నీ చేతులు కళ్ళకద్దుకుని రాస్తున్నాను.

ఇక్కడ ఒక పాత ఓడ పొట్టలో తుప్పు గీకే పని. పొద్దున తెల్లగా లోపలికి వెళ్తాం, సాయంత్రానికి ఎర్రగా బయటికి వస్తాం. మేస్త్రీ రమ్మని కబురు పెట్టాడు, అందుకే ఇంటికి రాలేకపోయాను. హాలిదెతో ఆ మాట చెప్పు.

నన్ను అంతగా పొగడకు. తీర్పు వచ్చేదాకా ఎవరికీ ఏమీ పంచకుండా ఉండాల్సింది. కోర్టు వ్యవహారం ఎటు తిరుగుతుందో ఎవరికి తెలుసు? జడ్జీలు వాళ్ళకి తోచినట్టు రాసుకుంటారు.

కింది మడిలో పొగాకు నారు నాటడానికి మనుషులు దొరికారా? మా అమ్మాయి నెర్మిన్‌ని సాయానికి పిలుచుకో.

ముమీన్

---

బొర్యానా, 26 మే 1984

ముమీన్,

ఐదేళ్ళు వేశారు.

నేను కోర్టు వరండాలో ఉన్నాను. వాడి చేతులకు బేడీలు వేసి తీసుకొస్తుంటే, "అమ్మా, లోపలికి వెళ్ళి కూర్చో, ఎండగా ఉంది" అన్నాడు. అంతే. జీపు వెళ్ళిపోయింది.

మన వకీలు గుమాస్తాకి కాస్త తుర్కీ వచ్చు. అతను నన్ను పక్కకు పిలిచి చెప్పాడు. "అమ్మా, వేరే సాక్ష్యం ఏదీ నిలబడలేదు. మీ తమ్ముడి మాట మీదే శిక్ష పడింది. కుర్రవాడు కిరసనాయిలు డబ్బాతో బయటికి రావడం చూశావా అని అడిగితే, చూశానన్నాడు. ఖాయమేనా అంటే, ఖాయమన్నాడు."

నేను నమ్మలేదు. "మా తమ్ముడు కాదన్నాడు, మా ఊరివాళ్ళు విన్నారు" అన్నాను. అతను నా వంక జాలిగా చూశాడు.

నేను పంచిన హల్వా తిన్నవాళ్ళంతా ఇప్పుడు నన్ను చూసి తలలు దించుకుంటున్నారు. నువ్వు కోర్టులో ఏమన్నావు? అది ఒక్కటే రాయి. పొగాకు సంగతి నీకెందుకు?

జెకియె

---

ఎలెఫ్సినా, 5 జూన్ 1984

అక్కకి నమస్కరించి ముమీన్ రాసేది.

నీ ఉత్తరం చూశాక రెండు రోజులు పనికి వెళ్ళలేదు.

నేను కాదన్నాను. 'నె' అన్నాను. మన ఇంట్లో, మన పొలంలో, అమ్మ నోటి నుంచి ఆ మాటకు అర్థం 'కాదు' అనే కదా. వాళ్ళ గ్రీకులో ఆ చప్పుడుకి 'అవును' అని అర్థం. రాసుకునే గుమాస్తా తన భాషలో రాసుకున్నాడు. తప్పు వాడిది. నేనేం చేయను? అక్కడ మనలాంటివాళ్ళ మాట ఎవరు సరిగ్గా వింటారు?

వకీలుని పై కోర్టుకి వెళ్ళమను. గుమాస్తా తప్పు రాశాడని గట్టిగా చెప్పమను. పెద్ద జడ్జీలు తెలివైనవాళ్ళు, గ్రహిస్తారు.

గుండె దిటవు చేసుకో. రిద్వాన్‌కి ఉన్ని బనీను పంపించు, అక్కడ గోడలు చెమ్మగా ఉంటాయని విన్నాను.

నీ తమ్ముడు

---

బొర్యానా, 17 జూన్ 1984

ముమీన్,

నీ ఉత్తరం సాలిహ్‌కి చదివి వినిపించాను. అతను మీసం నలుపుకుని, "వదినా, ముమీన్ పట్నం వెళ్తే కాఫీ కూడా మన మాటలో అడగడు కదా" అన్నాడు.

నిజమే. ఊళ్ళో నిన్ను గ్రీకు ముమీన్ అంటారు. కొండ కింద, మన ఊళ్ళకు వచ్చే దారిలో సైన్యం పెట్టిన గేటు దగ్గర సిపాయి పాసులు అడిగితే బస్సంతా నీ వెనక నిలబడుతుంది. ఆసుపత్రికి నువ్వే, పొగాకు బేరానికి నువ్వే. చర్చి పూజారి కంటే బాగా గ్రీకు మాట్లాడతానని నీ నోటితోనే అన్నావు. అలాంటివాడికి సరిగ్గా ఆ పూటే, సరిగ్గా నా కొడుకు విషయంలోనే, అమ్మ మాట గుర్తొచ్చిందా?

ఊళ్ళో అనుకునేది చెప్తాను విను. నీ ఓడల మేస్త్రీ స్తెర్యోస్ భార్యకు తమ్ముడట. అంత తొందరగా నీకు అక్కడ పని ఎలా దొరికిందో ఇప్పుడు అందరికీ అర్థమైంది. ఎవరో అన్నారని కాదు. నేనే అన్నాను. నీళ్ళ దగ్గర పదిమంది ఆడవాళ్ళ ముందు అన్నాను, నా తమ్ముడు పని కోసం నా కొడుకుని అమ్ముకున్నాడని.

మొన్న బెకిర్, తన కొడుక్కి మీరు పెట్టిన నిశ్చితార్థపు కానుకల మూట తెచ్చి మీ ఇంటి గుమ్మంలో తిరిగి పెట్టి వెళ్ళాడు. మేనల్లుడిని అమ్ముకున్న ఇంటి పిల్ల మాకొద్దన్నాడట. నెర్మిన్ మూడు రోజులుగా బయటికి రాలేదు. నాకు జాలి వేయలేదు. నా కొడుకు కూడా బయటికి రావడం లేదు కదా.

జెకియె

---

ఎలెఫ్సినా, 3 జూలై 1984

అక్కా,

ఈ ఉత్తరం ఎవరికీ చదివి వినిపించకు. నువ్వొక్కదానివే చదువు.

మేస్త్రీ స్తెర్యోస్‌కి ఏమీ కాడు. క్రీటు దీవి మనిషి. నేను ఎవరినీ అమ్ముకోలేదు. కానీ నేను చేసింది దానికంటే నయమని మాత్రం అనుకోలేకపోతున్నాను.

నాకు గ్రీకు రాదక్కా.

రాదంటే అసలు రాదని కాదు. పొగాకు రేటు, బస్సు టైము, ఎలా ఉన్నారు, మీ దయ, నాలుగు బూతులు. సైన్యంలో నేర్చుకున్నానని చెప్పాను కదా. సైన్యంలో మనవాళ్ళకి తుపాకీ ఇవ్వలేదు, పార ఇచ్చారు. రెండేళ్ళు గోతులు తవ్వాను. గోతిలో ఉన్నవాడితో ఎవడు మాట్లాడతాడు? తిరిగొచ్చాక కాఫీ కొట్టులో నాలుగు ముక్కలు అన్నాను. అందరూ నోళ్ళు తెరుచుకుని చూశారు. ఆ చూపు నాకు బాగుంది. దాన్ని వదులుకోలేకపోయాను. అవతలివాడి ముఖం చూసి సగం ఊహించేవాణ్ణి, మిగతా సగం నా బుర్రలోంచి చెప్పేవాణ్ణి. ఇన్నేళ్ళూ గడిచిపోయింది.

కోర్టులో గుమాస్తా నన్ను ముందే అడిగాడు, దుబాసీ కావాలా అని. వెనక బెంచీలో సాలిహ్ వాళ్ళున్నారు. అక్కర్లేదన్నాను.

తర్వాత సర్కారు ప్లీడరు లేచాడు. వాళ్ళ కోర్టు గ్రీకు సంతలో వినే గ్రీకు కాదు. ఒక్క ఊపిరిలో పెద్ద ప్రశ్న అడిగాడు. నాకు రిద్వాన్ పేరు తప్ప ఒక్క ముక్క తెలియలేదు. అందరూ నా నోటి వంకే చూస్తున్నారు. బడిలో మాస్టారు అడిగింది వినపడకపోతే మనం అనేవాళ్ళం చూడు, తుర్కీలో, 'నె?' అని, ఏమిటి అని. అదే వచ్చింది నోటికి. నేను కాదనలేదు, అవుననలేదు. ఏమిటని అడిగాను.

జడ్జి ఇంకేదో అడిగాడు. అందులో 'ఖాయం' అన్న మాట ఒక్కటి తెలిసింది. నిజమే చెప్తున్నావా అని అడుగుతున్నాడేమో అనుకున్నాను. ఈసారి గ్రీకులోనే 'నె' అన్నాను, అవునని. ఆయన తల ఊపి కూర్చోమన్నాడు. బాగానే గట్టెక్కాననుకున్నాను.

మెట్ల దగ్గర వకీలు నా చొక్కా పట్టుకుని, చిన్నపిల్లవాడికి చెప్పినట్టు ఒక్కొక్క మాటే చెప్పాడు, "నువ్వు, చూశానని, అన్నావు." అప్పుడు తెలిసింది. తలుపు పది అడుగుల దూరంలో ఉంది. లోపలికి వెళ్ళి, నాకు అర్థం కాలేదు అని చెప్తే సరిపోయేది. సాలిహ్ వాళ్ళు నవ్వుకుంటూ బయటికి వస్తున్నారు. "శభాష్ ముమీన్" అని భుజం తట్టారు. నేను స్టేషన్‌కి వెళ్ళిపోయాను.

ఇంతకంటే రాయలేను.

ము.

---

బొర్యానా, 15 జూలై 1984

ముమీన్,

ఆకులు దారానికి గుచ్చుతూ నీ ఉత్తరం ఒళ్ళో పెట్టుకున్నాను. పొగాకు జిగురంతా దానికి అంటింది. అమ్ముకున్నావంటేనే నాకు బాగుండేదేమో అనిపించింది ముందు. దుర్మార్గుడైన తమ్ముణ్ణి తిట్టుకోవచ్చు. పరువు కోసం నోరు మూసుకున్నవాణ్ణి ఏం చేయాలి? నా కొడుక్కి ఐదేళ్ళు, నీకు ఊళ్ళో పేరు.

తర్వాత నీళ్ళ దగ్గర నేనన్న మాట గుర్తొచ్చింది. అది నీ కూతురి నెత్తిన పడింది. ఆ సాయంత్రమే మీ ఇంటికి వెళ్ళాను. లోపల దీపం ఉంది, మాటలు వినిపిస్తున్నాయి. తలుపు కొట్టాను. మాటలు ఆగిపోయాయి. తలుపు తెరవలేదు. తెరవమని అడిగే ముఖం నాకూ లేదు. బెకిర్ ఇంటికి వెళ్ళి నేను పొరపాటున అన్నానని చెప్పాను. "మరి ఏది నిజం?" అన్నాడు. నువ్వు ఎవరికీ చెప్పొద్దన్నావు. నీళ్ళు నమిలి వచ్చేశాను. నేను తమ్ముణ్ణి కాపాడడానికి అబద్ధమాడుతున్నానని ఇప్పుడు ఊరు అనుకుంటోంది.

వకీలు పై కోర్టులో వేశాడు. నవంబరులో విచారణ. నువ్వు వచ్చి, దుబాసీని పెట్టుకుని, నాకు రాసినదే అక్కడ చెప్తే చాలునట. ఇంకే దారీ లేదట.

వస్తావా?

జెకియె

---

ఎలెఫ్సినా, 20 ఆగస్టు 1984

అక్కా,

రాయడానికి ఇంత ఆలస్యం ఎందుకైందో నీకు తెలుసు.

నేను ఇక్కడే కాగితం మీద రాయించి, సంతకం పెట్టి పంపితే చాలదా? వకీలుని అడుగు. కోర్టులో ఊరంతా ఉంటుంది. నాకు రాదు అని ఒక్కసారి అంటే, ఇన్నేళ్ళు నా వెనక నడిచినవాళ్ళు ఏమంటారు? నేను చెప్పినదల్లా ఊహేనా అని తిరగదోడతారు. హాలిదె, నెర్మిన్ ఆ ఊళ్ళోనే బతకాలి.

వేరే ఏ పనైనా చెప్పు. రిద్వాన్ బదులు నన్ను జైల్లో పెట్టుకోమన్నా కూర్చుంటాను. నిజంగా చెప్తున్నాను. అది తేలిక.

ముమీన్

---

బొర్యానా, 9 సెప్టెంబరు 1984

ముమీన్,

కాగితం చాలదట. మనిషి కావాలట.

శుక్రవారం జైలుకి వెళ్ళి రిద్వాన్‌ని చూశాను. ఇన్నాళ్ళూ వాడు నీ గురించి ఒక్క మాట అడగలేదు, నేనూ ఎత్తలేదు. ఈసారి ఉండబట్టలేక నీ సంగతంతా చెప్పేశాను. నువ్వు వద్దన్నా చెప్పాను. వాడు కమ్మీలు పట్టుకుని వింటూ ఉన్నాడు. కోప్పడతాడనుకున్నాను.

"నాకు అప్పుడే తెలుసమ్మా" అన్నాడు. "కోర్టులో నేను మామయ్య పక్కనే ఉన్నాను కదా. ఆయన ముఖం చూశాను. అర్థం కాలేదని తెలిసింది."

"మరి నోరు మూసుకుని ఎందుకు కూర్చున్నావురా?" అన్నాను.

"అందరి ముందూ ఎలా చెప్పను? ఆయన పరువు పోదూ? ఆయనే సర్దుకుంటాడనుకున్నాను. ఇప్పుడైనా బలవంతపెట్టకు."

ఇదీ నీ మేనల్లుడు అన్నది. నేను బలవంతపెట్టడం లేదు. విన్నది విన్నట్టు రాశాను.

జెకియె

---

బొర్యానా, 25 నవంబరు 1984

తమ్ముడికి అక్క సలాం, దీవెన.

రిద్వాన్ ఇంట్లో ఉన్నాడు. పక్క గదిలో నిద్రపోతున్నాడు. ముందు ఆ మాట రాసి, మిగిలినవి తర్వాత రాద్దామనుకున్నాను.

నువ్వు వస్తావో రావో తెలియకుండానే కోర్టుకి వెళ్ళాను. నిన్ను బోనులో చూశాకే ఊపిరి పీల్చుకున్నాను. చిక్కిపోయావు. ఆ తెల్ల మీసాల దుబాసీ పెద్ద గొంతుతో తుర్కీలోకి చెప్తుంటే మాకు ప్రతి మాటా వినిపించింది.

"అప్పుడు మీకు గ్రీకు వచ్చన్నారు కదా?" అన్నాడు పెద్ద జడ్జి.

"రాదు" అన్నావు.

"మరి 'నె' అన్నారే?"

"ఏమిటని అడిగాను."

జడ్జి దుబాసీ వంక చూశాడు. ఆయన వివరించాడు, తుర్కీలో అయితే 'ఏమిటి' అని, వీళ్ళ ఇంటి మాటలో అయితే 'కాదు' అని. జడ్జి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "అంటే ఈయన ఒక్క మాటతో అవునూ అన్నాడు, కాదూ అన్నాడు, పైగా మమ్మల్నే ఏమిటని అడిగాడు" అన్నాడు. హాలంతా గొల్లున నవ్వింది. పోలీసులు నవ్వారు, వకీలు నవ్వాడు, సాలిహ్ తొడ చరుచుకుని నవ్వాడు.

నేనూ నవ్వాను, ముమీన్. నాకే తెలియకుండా, నోటికి తలగుడ్డ అడ్డం పెట్టుకుని, కళ్ళలో నీళ్ళు వచ్చేదాకా నవ్వాను. అప్పుడే నువ్వు తలెత్తి మా బెంచీ వైపు చూశావు. అంతమందిలో నవ్వనివాడు రిద్వాన్ ఒక్కడే. వాడు నేల చూస్తున్నాడు.

తర్వాత సర్కారు ప్లీడరు అడిగాడు, మరి దుబాసీ వద్దని ఎందుకన్నావని. చివరికి "సిగ్గేసింది" అన్నావు. అంత పెద్ద గొంతున్న దుబాసీ ఆ ఒక్క మాట మాత్రం మెల్లగా చెప్పాడు. అప్పుడు ఎవరూ నవ్వలేదు. ఆ సాయంత్రం కుర్రవాడి చేతిలో ఏముందని అడిగితే, "ఏమీ లేదు, టోపీ సరిచేసుకుంటూ వెళ్ళాడు" అన్నావు. గంటలో వదిలేశారు.

నీ కోసం చూస్తే లేవు. వెనక తలుపు నుంచి వెళ్ళిపోయావన్నారు. బస్టాండ్ దాకా పరుగెత్తాను. రిద్వాన్ నా కంటే ముందు పరుగెత్తాడు. బస్సు కదిలిపోయింది.

సంబంధం మళ్ళీ కలుపుకుందామని బెకిర్ ఈసారి తన వైపు కానుకల మూట పట్టుకుని వచ్చాడు. నెర్మిన్ తీసుకోలేదు. "మా నాన్న ఏం చేశాడో తెలియకముందే మాట తిప్పిన ఇల్లు నాకొద్దు" అని అతని ముఖం మీదే చెప్పింది. నాతో మాత్రం ఇంకా మాట్లాడదు. మాట్లాడమని అడగను.

నేను నవ్వినందుకు నువ్వు వెళ్ళిపోయావు. నా కొడుకుని నాకు ఇచ్చినవాణ్ణి చూసి నేను నవ్వాను. నేల చీలితే బాగుండుననిపిస్తోంది. ఇంటికి రా.

నీ అక్క జెకియె

---

ఎలెఫ్సినా, 11 డిసెంబరు 1984

అక్కా, నీ చేతులు కళ్ళకద్దుకుంటున్నాను.

నువ్వు నవ్వడం చూశాను. దానికి వెళ్ళిపోలేదు. ఒట్టు. నవ్వుతో కొంత బరువు దిగినట్టే అనిపించింది. మీ దగ్గరికే రాబోయాను.

బోను దిగి వస్తుంటే, గోడ పక్కన నిలబడి ఉన్న కెరీమ్ పెద్దాయన నా చెయ్యి పట్టుకున్నాడు. మీ వీధిలో మిల్లు పక్కింటి ఆయన. ఆయన కోపంగా లేడు. నెమ్మదిగా అడిగాడు, "నాయనా ముమీన్, మూడేళ్ళ కింద మా ఆవిడ హురియెని ఆసుపత్రికి నువ్వే తీసుకొచ్చావు కదా. ఆ రోజు డాక్టరు అసలు ఏమన్నాడు?"

నేను చెయ్యి విడిపించుకుని వెనక తలుపు వైపు నడిచాను.

ఆ రోజు డాక్టరు చాలా చెప్పాడు. నాకు చిక్కింది ఒక్క మాట. 'మెసొస్' లాగా వినపడింది. సంతలో మెసొస్ అంటే మధ్యరకం. రెండో రకం పొగాకుని అలాగే అంటారు. ఎండాకాలం మధ్యలో తీసుకురమ్మంటున్నాడని పోల్చుకుని, ఆయనకి అదే చెప్పాను. "కంగారేం లేదు పెద్దాయనా, జూలైలో మళ్ళీ రమ్మన్నాడు." ఆయన నాకు కాఫీ ఇప్పించాడు. జూలై రాకముందే, చెర్రీలు పండకముందే ఆవిడ పోయింది.

ఇక్కడికి వచ్చాక నా పక్కన పనిచేసే గ్రీకు కుర్రవాణ్ణి అడిగాను, డాక్టర్లు అనే మాట ఏదైనా ఇలా ఉంటుందా అని. వాడు ఆలోచించి, "అమెసొస్ అన్నాడేమో" అన్నాడు. అంటే ఏమిటన్నాను. "ఆలస్యం చేయకుండా, వెంటనే" అన్నాడు.

అక్కా, నువ్వు ఆయనకి చెప్పగలవా? నా వల్ల కాదు.

ముమీన్

---

బొర్యానా, 20 డిసెంబరు 1984

తమ్ముడూ,

నేను చెప్పను.

నీ మీద కోపంతో కాదు. ఆ కబురు ఒకరి నోట ఇంకొకరు మోసుకెళ్ళేది కాదు. నీళ్ళ దగ్గర నేనన్న మాట ఎన్ని ఇళ్ళు తిరిగి ఎలా మారిందో చూశాను. ఆయన రోజూ మిల్లు అరుగు మీద కూర్చుంటాడు. నీ సంగతి నన్ను అడగడు. నేను ఆ దారిన వెళ్తే తల తిప్పి చూస్తాడు, అంతే.

నువ్వే వచ్చి చెప్పుకో. గేటు దగ్గరికి రిద్వాన్ వస్తాడు. నీ పాసు కాగితాలు తెచ్చుకోవడం మర్చిపోకు. మంచు పడింది, మందపాటి మేజోళ్ళు వేసుకో.

జెకియె

---

ఎలెఫ్సినా, 14 జనవరి 1985

అక్కకి ముమీన్ సలాం.

క్షేమంగా చేరాను. వసంతం దాకా ఇక్కడి పని ఒప్పుకున్నాను, తర్వాత వచ్చేస్తాను. ఊళ్ళో ఉన్న నాలుగు రోజులూ నువ్వు నన్ను ఏమీ అడగలేదు. నేనూ నోరు విప్పలేకపోయాను. అందుకే రాస్తున్నాను.

ఆ ఆదివారం పొద్దున రిద్వాన్ నన్ను మిల్లు మలుపు దాకా తీసుకెళ్ళి ఆగిపోయాడు. కెరీమ్ పెద్దాయన కట్టెలు చీల్చుకుంటున్నాడు. లోపలికి రమ్మన్నాడు. పొయ్యి పక్కన చాప వేశాడు. నేను కూర్చోకుండానే చెప్పాను. ఆ రోజు డాక్టరు అన్నది నాకు అర్థం కాలేదని, జూలై అన్నది నేను కల్పించి చెప్పిందని, ఆయన వెంటనే తీసుకురమ్మన్నాడని. మన మాటలోనే చెప్పాను.

ఆయన పొయ్యి చూస్తూ ఉన్నాడు. "ఏ మాట అన్నాడు?" అని అడిగాడు.

"అమెసొస్."

"మళ్ళీ అను."

అన్నాను. ఆయన పెదాలు కదిపి అనుకున్నాడు. పళ్ళు లేవు కదా, చివర సరిగ్గా రాలేదు. నన్ను మూడోసారి అనమన్నాడు. వచ్చేదాకా అన్నాడు. "దానికి మన మాటలో వెంటనే అని" అన్నాడు. అవునన్నాను. "ఇంత చిన్న మాటా" అన్నాడు.

క్షమించమని అడుగుదామనుకుని వెళ్ళాను. ఆ మాట నోటికి రాలేదు, అడిగే అర్హత ఉందనీ అనిపించలేదు. ఆయన లేచి తలుపు తీసి పట్టుకున్నాడు. నేను బయటికి వచ్చాక మెల్లగా వేసుకున్నాడు. గట్టిగా వేసినా బాగుండేది.

మర్నాడు మసీదు దగ్గర సలాం చెప్పాను. వినపడింది ఆయనకి. జవాబివ్వలేదు. మూడో రోజూ చెప్పాను. నాలుగో రోజూ చెప్పాను. పక్కనున్నవాళ్ళు చూస్తున్నారని తెలిసే చెప్పాను.

నువ్వు ఆయన ఇంటి మీదుగా వెళ్ళేటప్పుడు కట్టెలు ఉన్నాయో లేవో చూస్తూ ఉండు. లేకపోతే రిద్వాన్‌ని పంపు. నేను పంపించానని చెప్పొద్దను.

నీ తమ్ముడు,
ముమీన్